సంపాదకుడూ ఆయనే, చప్రాసీ ఆయనే

తెలంగాణలో తెలుగు పత్రిక అనగానే పెద్దలకు ముందుగా గుర్తుకు వచ్చే పేరు గోలకొండ. గోలకొండ అనగానే నోట మెదిలే పేరు సురవరం ప్రతాపరెడ్డి. ఈ రెండింటినీ విడదీసి చెప్పడం పాలమూరు వారికి ఈనాటికీ చేతకాదు. ఆంధ్రుల సాంఘిక చరిత్ర కర్తగా, గోలకొండ కవుల సంచిక సంపాదకులుగా, వనపర్తి శాసనసభ్యులుగా ఆయన కీర్తి పాఠ్యపుస్తకాలకెక్కింది. ట్యాంకుబండు మీద విగ్రహం వెలసింది. 2025లో హైదరాబాదులోని తెలుగు విశ్వవిద్యాలయానికి ఆయన పేరు పెట్టారు. ఇంత పేరున్న మనిషి బతుకులో ఎక్కువ కాలం గడిచింది మాత్రం అచ్చుసిరా వాసన మధ్య, తడి ప్రూఫుల మీద తప్పులు దిద్దుతూ. ఆ పనికి తగిన జీతం లేదు, వేళాపాళా లేదు, సెలవు అసలే లేదు. సభల్లో దండలు వేసేవారు ఈ సంగతిని ఒక వాక్యంలో దాటేస్తుంటారు. నిజానికి ఆయన జీవితంలో తీరిగ్గా చెప్పుకోదగిన భాగం అదే.

ప్రతాపరెడ్డి 1896 మే 28న బోరవెల్లిలో జన్మించారు. అది తల్లిగారి వైపు ఊరు. స్వగ్రామం ఇటిక్యాలపాడు. రెండు ఊళ్లూ నేటి జోగులాంబ గద్వాల జిల్లాలోనివే. తండ్రి నారాయణరెడ్డి, తల్లి రంగమ్మ. చిన్నతనంలోనే తండ్రి పోవడంతో పినతండ్రి రామకృష్ణారెడ్డి చేరదీసి కర్నూలులో చదివించారు. తుంగభద్ర దాటితే కర్నూలు. ఏరు ఒక్కటే గాని, అవతలి ఒడ్డున ఇంగ్లీషు వారి మద్రాసు రాజధాని, ఇవతలి ఒడ్డున నిజాం ప్రభువు ఏలుబడి. అవతలి వైపు తెలుగు బడులు, తెలుగు అచ్చు పుస్తకాలు, తెలుగు పత్రికలు కంటికి కనిపించేవి. ఇవతలికి వస్తే కచేరీలో ఉర్దూ, న్యాయస్థానంలో ఉర్దూ, పై చదువుకు ఉర్దూ. ఒకే భాష మాట్లాడే జనం ఏటికి ఇరువైపులా రెండు రకాలుగా బతకడం ఆ పిల్లవాడు బడి వయసులోనే చూశాడు. తరువాత కొంత చదువు హైదరాబాదు నిజాం కళాశాలలోను, బి.ఎ. మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాలలోను సాగింది. న్యాయశాస్త్ర పట్టా కూడా పుచ్చుకుని హైదరాబాదు వచ్చి కొద్దికాలం వకీలు వృత్తి చేశారు. తెలుగు, సంస్కృతం, ఇంగ్లీషు, ఉర్దూ, పారసీ చదివిన వకీలుకు ఆనాటి హైదరాబాదులో రాబడికి లోటుండేది కాదు. ఆ దారి వదిలి పత్రిక పనిలోకి దిగారు.

ఆ రోజుల్లో హైదరాబాదు సంస్థానంలో అత్యధికుల మాతృభాష తెలుగు. అయినా నగరంలో తెలుగువాడు తెలుగులో మాట్లాడితే నవ్వులపాలయ్యే స్థితి ఉండేది. 1921 నవంబరులో వివేకవర్ధని థియేటరులో కార్వే పండితుని అధ్యక్షతన జరిగిన సంఘసంస్కార సభలో అల్లంపల్లి వెంకటరామారావు తెలుగులో ఉపన్యసించబోగా సభికులు గోల చేసి కూర్చోబెట్టారు. ఆ రాత్రే మాడపాటి హనుమంతరావు ప్రభృతులు కూడి ఆంధ్ర జనసంఘానికి అంకురార్పణ చేశారు. సభ పెట్టాలంటే సర్కారు అనుమతి కావాలి. అందుకు గస్తీ నిషాన్ 53 అనే ఉత్తర్వు ఉండేది. సభకు అనుమతి దొరకని చోట మాట జనానికి చేరాలంటే మిగిలిన దారి అచ్చుకాగితం ఒక్కటే.

అంతకు ముందు ఈ గడ్డమీద తెలుగు పత్రికలు లేకపోలేదు. పాలమూరు నుంచే 1913లో బండారు శ్రీనివాసశర్మ హితబోధిని మాసపత్రికను నడిపారు. 1922లో నల్లగొండ నుంచి షబ్నవీసు వెంకట రామనరసింహారావు నీలగిరి పత్రికను, ఓరుగల్లు జిల్లా ఇనుగుర్తి అనే పల్లె నుంచి ఒద్దిరాజు సోదరులు తెనుగు పత్రికను తెచ్చారు. వీటిలో ఏదీ ఎక్కువ కాలం నిలవలేదు. కారణాలు వెతకడానికి కష్టపడనక్కర లేదు. చదవగలిగినవారు తక్కువ. వారిలో చందా కట్టగలిగినవారు తక్కువ. కట్టగలిగినవారిలో కట్టేవారు ఇంకా తక్కువ. ప్రకటనలిచ్చే వ్యాపారి దాదాపు లేడు. ఇన్ని లేనితనాల మధ్య పత్రికను నిలిపేది దాన్ని నడిపేవాని శరీరకష్టం ఒక్కటే. ఒద్దిరాజు సోదరులు పల్లెటూళ్లో అచ్చుయంత్రం పెట్టుకుని రాత మొదలు అచ్చు దాకా తామే చేసుకున్నారు. ఆ మనుషులకు ఓపిక తీరిన రోజున పత్రిక ఆగిపోయేది.

ఇది తెలిసి కూడా ప్రతాపరెడ్డి 1926 మే 10న గోలకొండ పత్రిక తొలి సంచిక వెలువరించారు. వారానికి రెండుసార్లు వచ్చే ద్వైవార పత్రిక. రాజబహద్దూర్ వెంకట్రామారెడ్డి అండ దొరికింది. ఆయన ఎవరో కాదు, హైదరాబాదు నగర కొత్వాలు. సర్కారు తప్పులు ఎత్తిచూపబోయే పత్రికకు సర్కారు పోలీసు అధికారి చేయూతనివ్వడం ఆ కాలపు విచిత్రాల్లో ఒకటి. వెంకట్రామారెడ్డి స్థాపించిన రెడ్డి హాస్టలు కార్యదర్శి పనులు కూడా ప్రతాపరెడ్డే చూసేవారు. అక్కడి గ్రంథాలయాన్ని పెంచిందీ ఆయనే. పల్లెల నుంచి వచ్చిన కుర్రవాళ్ల తిండీ చదువూ ఒక చేత్తో, పత్రిక ఒక చేత్తో.

ఇక పత్రిక పని సంగతి. ఈనాటి పాఠకుడు దినపత్రిక చేతికి తీసుకున్నప్పుడు దాని వెనుక ఎన్ని శాఖలున్నాయో ఊహించడు. వార్త తెచ్చేవారు వేరు, దిద్దేవారు వేరు, శీర్షిక పెట్టేవారు వేరు, పుట కట్టేవారు వేరు. ప్రకటనలకు ఒక విభాగం, చందాలకు ఒకటి, పంపిణీకి ఒకటి. గోలకొండ తొలినాళ్లలో ఈ శాఖలన్నీ ఒకే కుర్చీలో కూర్చున్నాయి. సంపాదకుడూ ఆయనే, విలేఖరీ ఆయనే, అనువాదకుడూ ఆయనే, ప్రూఫులు దిద్దేవాడూ ఆయనే, లెక్కలు రాసే గుమాస్తా ఆయనే, చివరికి చప్రాసీ పని కూడా ఆయనదే. ఇది అభిమానులు అల్లిన అతిశయోక్తి అనుకోనక్కర లేదు. ఆనాటి చిన్న పత్రికల్లో ఇంతకన్న వేరే గతి ఉండేది కాదు. ఆయన దానిని అంతకాలం సాగించారు, అదీ విశేషం.

చేత్తో అక్షరాలు కూర్చే ఆ పనిని చూడని తరాలు ఇప్పుడు పెరిగాయి కనుక కాస్త వివరంగా చెప్పుకోవాలి. సీసపు అక్షరాలు చెక్క కేసులోని గళ్లలో ఉంటాయి. ఇంగ్లీషుకు ఇరవైయారు అక్షరాలు, వాటి పెద్దా చిన్నా రూపాలు, అంకెలు, గుర్తులు ఉంటే చాలు. తెలుగుకు అచ్చులు, హల్లులు, ప్రతి హల్లుకూ గుణింతం, పైగా వత్తులు. గళ్లు వందల్లోకి పోతాయి. కంపోజిటరు ఎడమచేత కంపోజింగ్ స్టిక్కు పట్టుకుని, కుడిచేత్తో ఒక్కొక్క అక్షరమే ఏరి పేర్చాలి. ఏ గడిలో ఏముందో కంటితో వెతికితే పని సాగదు. చేతికే జ్ఞాపకం ఉండాలి. పేర్చిన అక్షరం తిరగబడి కనిపిస్తుంది కనుక చదవడం కూడా తిరగేసి అలవాటు చేసుకోవాలి. పేర్చిన వరుసలను గ్యాలీలోకి ఎత్తి, సిరా పూసి, తడి కాగితం మీద ప్రూఫు తీస్తారు. దీర్ఘం ఎగిరిపోవడం, వత్తు మారిపోవడం, ఒక వరుస తలకిందులు కావడం మామూలే. దిద్దిన ప్రూఫు మళ్లీ కేసు దగ్గరకు, మళ్లీ ప్రూఫు, మళ్లీ దిద్దుబాటు. అచ్చు అయ్యాక కూడా పని అయిపోదు. ఫారం విప్పి, అక్షరాలు కడిగి, ఎక్కడివక్కడ గళ్లలో వేయాలి. చిన్న ముద్రణాలయాల్లో అక్షరాల నిల్వ తక్కువ కనుక ముందు సంచిక విప్పితేనే గాని తరువాతి సంచికకు అక్షరాలు చాలవు. వారానికి రెండు సంచికలంటే ఈ చక్రం వారానికి రెండుసార్లు తిరగాలి.

అదే నగరంలో ఉర్దూ పత్రికల పని తీరు వేరు. అక్కడ కాతిబు చక్కని దస్తూరీతో పుట మొత్తం చేత్తో రాసిస్తే రాతి అచ్చు మీద ముద్రించేవారు. ఉర్దూ సంపాదకునికి కాతిబు, తెలుగు సంపాదకునికి కంపోజిటరు. ఎవరి దస్తూరీ కళ వారిది, ఎవరి వేళ్ల కళ వారిది. ఉర్దూలో పేరు మోసిన కాతిబులుండేవారు. కంపోజిటరు పేరు మాత్రం ఎక్కడా ఎక్కలేదు. గోలకొండ తొలి సంచిక అక్షరాలు పేర్చినవారెవరో ఇంటింటా చెప్పుకునే పేరు కాలేదు.

వార్తలు ఎక్కడి నుంచి వచ్చేవి? ప్రపంచ వార్తలకు ఇంగ్లీషు పత్రికలు, సర్కారు సంగతులకు ఉర్దూ పత్రికలు, ఫర్మానాలు. వాటిని చదివి తెలుగు చేయాలి. తెలుగులో మాట లేని చోట మాట పుట్టించాలి. న్యాయస్థానంలో వాడే పారసీ మాట, రెవెన్యూ కచేరీ మాట పల్లె రైతుకు తెలిసిందే గనుక దాన్ని ఉంచాలా, సంస్కృతపదం వేయాలా అన్నది సంచిక సంచికకూ తేల్చుకోవలసిన పని. ఈ పని చేసీ చేసీ ఆయనకు మాటల పుట్టుక మీద వచ్చిన పట్టు తరువాత సాంఘిక చరిత్రలో పుట పుటనా కనబడుతుంది.

జిల్లాల వార్తలకు మాత్రం మనుషులే దిక్కు. పల్లెల్లో చదువుకున్నవారు, బడిపంతుళ్లు, గ్రంథాలయాల వారు, చిన్న వకీళ్లు జాబులు రాసేవారు. వెట్టిచాకిరి, పటేలు పట్వారీల లంచాలు, దేశముఖుల దౌర్జన్యం, బాల్యవివాహాలు, అస్పృశ్యత, బడి లేని ఊరు, నీళ్లు లేని చెరువు, అన్నీ ఆ జాబుల్లో వచ్చేవి. రాసినవారికి దమ్మిడీ ముట్టేది కాదు. తపాలా ఖర్చు కూడా వారిదే. అయితే వారు ఒడ్డింది తపాలా బిళ్ల ఒక్కటే అనుకుంటే పొరపాటు. ఊళ్లో ఎవరు రాశారో కనిపెట్టడం దొరకు కష్టం కాదు. ఆ ఊళ్లో రాత వచ్చినవారు ఇద్దరో ముగ్గురో. రాసినవాని భూమి, నీటివాటా, ఇంటి మర్యాద అన్నీ ఆ దొర చేతిలోనే ఉండేవి. అందుచేత పేరు దాచడం సంపాదకుని మొదటి ధర్మమైంది. పేరు దాచితే బాధ్యత అంతా తన మీద పడుతుంది. అచ్చయిన ప్రతి ఫిర్యాదుకూ సర్కారుకు జవాబు చెప్పవలసినవాడు ఒకే ఒక్కడు. వెట్టి గురించి రాసే పత్రిక సగం వెట్టితోనే నడిచిందని కొంటెగా అనవచ్చు. తేడా ఒక్కటే. ఈ వెట్టి ఎవరూ బలవంతాన చేయించింది కాదు.

ప్రతాపరెడ్డి కూడా తన పేరు దాచుకుని రాసిన సందర్భాలు ఎన్నో. చిత్రగుప్త వంటి మారుపేర్లతో వ్యాసాలు, విమర్శలు, హాస్యాలు రాశారు. ఇందులో కొంత చమత్కారం, కొంత జాగ్రత్త, కొంత అవసరం. పుటలు నిండాలి. రాసేవారు చాలరు. ఒకే మనిషి రాశాడని తెలిస్తే పాఠకునికి విసుగు. కనుక ఒకే కలం నాలుగు గొంతులతో మాట్లాడేది. తరువాత పుస్తకాలుగా వచ్చిన ఆయన రచనల్లో పత్రిక అవసరాల కోసం పుట్టినవి తక్కువేమీ కావు. మొగలాయి కథలు, హిందువుల పండుగలు, రామాయణ విశేషములు, హైందవ ధర్మవీరులు, ఈ పేర్లు చూస్తేనే ఆ మనిషి ఎన్ని దిక్కులకు చేయి చాచాడో తెలుస్తుంది.

సర్కారు కన్ను పత్రిక మీద పడకుండా ఎలా ఉంటుంది? ఒక దశలో గోలకొండ సంపాదకీయాలను సమాచార శాఖ అనుమతి లేనిదే ప్రచురించరాదని ఉత్తర్వు వచ్చింది. రాసిన ప్రతి సంపాదకీయాన్నీ గుమాస్తా ముందు పెట్టి ముద్ర వేయించుకోవడమా, సంపాదకీయం మానుకోవడమా? ప్రతాపరెడ్డి మూడో దారి తొక్కారు. సంపాదకీయం ఉండవలసిన చోట ప్రపంచ మేధావుల సూక్తులు అచ్చువేశారు. స్వేచ్ఛ గురించి, న్యాయం గురించి ఎప్పుడో ఎక్కడో ఎవరో అన్న మాటలు. వాటిని తప్పు పట్టలేరు. పాఠకులకు మాత్రం ఏమి చెప్పదలచారో బోధపడేది. వకీలు చదువు ఆయనకు పనికివచ్చిన చోట్లలో ఇది ఒకటి.

గోలకొండ కవుల సంచిక కథ అందరికీ తెలిసిందే. అయినా పత్రిక పని అనే కోణం నుంచి ఒకసారి చూడాలి. నిజాం రాష్ట్రంలో తెలుగు కవులు పూజ్యమని ముడుంబ వెంకట రాఘవాచార్యులు రాశారు. పూజ్యమంటే సున్న. దానికి బదులు చెప్పాలంటే ఆవేశంతో సంపాదకీయం రాసి ఊరుకోవచ్చు. ప్రతాపరెడ్డి లెక్క తీయడానికి పూనుకున్నారు. ఊరూరి నుంచి పద్యాలు, కవుల వివరాలు రప్పించి, వడపోసి, 354 మంది కవులతో 1934లో సంచికను వెలువరించారు. ఇంటర్నెట్టు సంగతి అలా ఉంచి, చాలా ఊళ్లకు సరైన బాట కూడా లేని కాలం. ఉన్న సాధనమంతా ఉత్తరం, పత్రిక, తెలిసిన మనిషి. ఆ ఎనిమిదేళ్లలో పల్లె పల్లెకూ ఏర్పడిన జాబుల బంధం లేకపోతే ఆ సంఖ్య వచ్చేది కాదు. వెట్టి గురించి రాసిన చేతుల వంటి చేతులే కవుల పేర్లూ పంపాయి. వచ్చిన ప్రతి పద్యాన్నీ చదివి, యతిప్రాసలు చూసి, ప్రూఫులు దిద్దిన శ్రమ వేరే. ఒక అవమానానికి అంత పెద్ద జవాబును అంత కొద్ది వనరులతో చెప్పిన ఉదాహరణ తెలుగు పత్రికా చరిత్రలో మరొకటి వెతకాలి.

1930 మార్చిలో మెదకు జిల్లా జోగిపేటలో జరిగిన మొదటి నిజామాంధ్ర మహాసభకు ఆయనే అధ్యక్షులు. అక్కడ కార్యకలాపాలు తెలుగులోనే నడవాలని పట్టుబట్టారు. గ్రంథాలయోద్యమంలోను, 1943లో ఏర్పడిన ఆంధ్ర సారస్వత పరిషత్తులోను ఆయన పాత్ర పెద్దది. సభ అధ్యక్షుడు ఊరికి తిరిగి రాగానే ప్రూఫులు ఎదురుచూస్తూ ఉండేవి.

పత్రికలు మారుతున్న కాలం అది. 1940ల్లో హైదరాబాదులో తెలుగు దినపత్రికల యుగం మొదలైంది. అడివి బాపిరాజు సంపాదకులుగా తెలుగు మీజాన్ వచ్చింది. గోలకొండ కూడా ఆ దశకం చివరికి దినపత్రిక అయింది. దినపత్రిక అంటే ద్వైవార పత్రికను మూడింతలు చేయడం కాదు. పని స్వభావమే మారిపోతుంది. తంతి వార్త రాత్రి వస్తుంది. దాన్ని అప్పటికప్పుడు తెలుగు చేసి, తెల్లవారే లోగా అచ్చువేసి, రైలుకూ బస్సుకూ అందించాలి. రాత్రి పనికి ఒక జట్టు, పగటి పనికి ఒక జట్టు కావాలి. జీతాల పట్టీ కావాలి. పెట్టుబడి కావాలి. ఒక మనిషి ఎంత గొప్పవాడైనా రోజుకు ఇరవైనాలుగు గంటలే. ఒంటిచేత్తో నడిపే సంపాదకుని కాలం అక్కడితో తీరిపోయింది. సంపాదకుడు వేతనోద్యోగి కావడం, యజమాని వేరు కావడం, ఉపసంపాదకుడు అనే కొత్త వృత్తి నిలదొక్కుకోవడం, ఇవన్నీ తెలంగాణలో ఆ పదేళ్లలో జరిగాయి.

ప్రమాదం కూడా రూపు మార్చుకుంది. 1948 ఆగస్టులో ఇమ్రోజ్ ఉర్దూ దినపత్రిక సంపాదకుడు షోయబుల్లాఖాన్‌ను రాత్రి పని ముగించుకుని ఇంటికి పోతుండగా నగరంలోనే హత్య చేశారు. మరి నెల తిరగక ముందే పోలీసు చర్యతో నిజాం పాలన ముగిసింది.

గోలకొండ ఆ తరువాత కూడా ఏళ్ల తరబడి ఇతరుల చేతుల మీదుగా నడిచింది. దేవులపల్లి రామానుజరావు దాని సంపాదకత్వం వహించినవారిలో ఒకరు. ప్రతాపరెడ్డి 1951లో ప్రజావాణి అనే మరో పత్రిక పెట్టారు. యాభైయయిదేళ్ల వయసులో మళ్లీ మొదటి నుంచి! పాతికేళ్ల అనుభవం తరువాత ఎవరైనా ఈ తలనొప్పి వద్దనుకుంటారు. ఆయన అనుకోలేదు. పత్రిక పనిలో ఉన్నవారికి ఇది ఆశ్చర్యం కలిగించదు గాని, వారి ఇళ్లలోని వారిని అడిగితే వేరే మాట చెబుతారు.

ఈ నడుమ 1949లో ఆంధ్రుల సాంఘిక చరిత్ర వెలువడింది. రాజుల యుద్ధాలు, పట్టాభిషేకాలు పక్కన పెట్టి, సామాన్యులు ఏమి తిన్నారు, ఏమి కట్టారు, ఏ ఆటలు ఆడారు, ఏ పండుగలు చేశారు, ఏ పన్నులు కట్టారు అని వెతికిన పుస్తకం. ఆధారాలు శాసనాల్లో కన్న కావ్యాల్లో, చాటువుల్లో, సామెతల్లో, నిఘంటువులకు ఎక్కని పల్లె మాటల్లో ఎక్కువగా దొరికాయి. పండితులు ఇది కొత్త పద్ధతి అన్నారు. కొత్తదే. అయితే ఈ పద్ధతి ఆయనకు ఎక్కడి నుంచి వచ్చిందో పత్రిక చూస్తే తెలుస్తుంది. ఇరవై ఏళ్లకు పైగా పల్లెల నుంచి వచ్చిన జాబులు చదివిన మనిషి, రైతు ఇంటి సంగతి కూడా వార్తే అని నమ్మిన మనిషి, చరిత్ర రాయబోతే ఆ కళ్లతోనే కావ్యాలు చదివాడు. ప్రబంధంలో నాయిక వర్ణన దగ్గర పండితులు ఆగిపోతే, ఈయన ఆమె చెవికి పెట్టిన నగ పేరేమిటి, వాకిట్లో ఆడుతున్న ఆట ఏమిటి అని ఆరా తీశారు. అది విలేఖరి ప్రశ్న.

1952లో జరిగిన తొలి సార్వత్రిక ఎన్నికల్లో కాంగ్రెసు పక్షాన వనపర్తి నుంచి హైదరాబాదు శాసనసభకు ఎన్నికయ్యారు. సభలో ఎక్కువ కాలం గడపడానికి ఆయుష్షు సరిపోలేదు. 1953 ఆగస్టు 25న కన్నుమూశారు. వయసు 57.

ఆయన పోయిన రెండేళ్లకు, అంటే 1955లో, రెండు సంగతులు జరిగాయి. కేంద్ర సాహిత్య అకాడమీ తొలిసారి బహుమతులు ప్రకటించి తెలుగులో ఆంధ్రుల సాంఘిక చరిత్రను ఎంపిక చేసింది. ఆ ఏడాది డిసెంబరులోనే వర్కింగ్ జర్నలిస్టుల చట్టం అమలులోకి వచ్చింది. మొదటిది ప్రతి జయంతి సభలోను చెబుతారు. రెండోదానికీ ఆయనకూ సంబంధం లేదన్నట్లు ఎవరూ తలవరు. జస్టిస్ రాజాధ్యక్ష అధ్యక్షతన ప్రెస్ కమిషన్ 1952లో ఆయన జీవించి ఉండగానే ఏర్పడి, 1954లో నివేదిక ఇచ్చింది. పత్రికల్లో పనిచేసేవారికి నియామక పత్రం, సెలవు, గ్రాట్యుటీ, పనివేళల పరిమితి ఉండాలన్న ఆలోచన అందులోంచి చట్టమైంది. నాలుగు వారాల్లో 144 గంటలకు మించి పని చేయించరాదని అందులో రాసి ఉంది. గోలకొండ తొలి ఏళ్లకు ఈ లెక్క వర్తింపజేస్తే, నెల సగం కాకముందే ఆ గంటలు పూర్తయ్యేవి.

చట్టం వచ్చినంత మాత్రాన అందరికీ నీడ దొరకలేదు. అక్షరాలు పేర్చే కంపోజిటరు, యంత్రం తిప్పే కార్మికుడు మొదట అందులో లేరు. 1974 సవరణతో గాని ఇతర పత్రికా ఉద్యోగుల మాట చట్టం పేరులోకి ఎక్కలేదు. అప్పటికి సీసపు అక్షరం రోజులు దగ్గరపడ్డాయి. ఫొటో కంపోజింగు, ఆఫ్‌సెట్టు, ఆ వెనుక కంప్యూటరు వచ్చి కేసులూ గ్యాలీలూ మూలబడ్డాయి. వేళ్లకు జ్ఞాపకం ఉన్న మనుషులు కొందరు మీటల పలక నేర్చుకున్నారు, కొందరు ఇంటికి పోయారు. కాతిబుల గతీ అంతే. తరువాత ప్రూఫులు దిద్దేవారి వంతు వచ్చింది. ఊళ్ల నుంచి వార్త పంపే గ్రామీణ విలేఖరి మాత్రం మిగిలాడు. తపాలా కవరు పోయి ఫ్యాక్సు, ఫ్యాక్సు పోయి సెల్‌ఫోను వచ్చినా, అతనికి నెల జీతం కాక అచ్చయిన కొలతను బట్టి లైన్ అకౌంటు లెక్కగట్టే పద్ధతి చాలా కాలం సాగింది. ఇప్పుడు ఒక్కడే వార్త రాసి, ఫొటో తీసి, వీడియో పట్టి, తానే పంపవలసి వస్తున్నది. నాలుగు శాఖల పని మళ్లీ ఒక్క మనిషి మీదికి చేరింది. 1955 చట్టాన్ని 2020లో పార్లమెంటు ఆమోదించిన కార్మిక స్మృతుల్లో కలిపేశారు. టీవీ, డిజిటల్ మాధ్యమాల్లో పనిచేసేవారినీ అందులో చేర్చారు.

ఆ పాత చట్టంలో వర్కింగ్ జర్నలిస్టు అంటే ఎవరో చెప్పే నిర్వచనం ఒకటి ఉంది. సంపాదకుడు, సంపాదకీయ రచయిత, న్యూస్ ఎడిటరు, ఉపసంపాదకుడు, ఫీచర్ రచయిత, కాపీ సరిచూసేవాడు, రిపోర్టరు, విలేఖరి, వ్యంగ్యచిత్రకారుడు, న్యూస్ ఫొటోగ్రాఫరు, ప్రూఫ్ రీడరు అని వరసగా పేర్లు. బొమ్మలు గీయడం, ఫొటోలు తీయడం మినహాయిస్తే మిగిలిన పనులన్నీ ఏదో ఒక రోజున ప్రతాపరెడ్డి చేసినవే. అయితే అదే నిర్వచనం చివర ఒక మెలిక ఉంది. యాజమాన్యపు పనిలో ఉన్నవారు దీని కిందికి రారు. చందాలు వసూలు చేసి, జమాఖర్చులు రాసి, కాగితం కొనుక్కొచ్చిన మనిషిని యాజమాన్యం అనక తప్పదు. కనుక ఆ లెక్కన సురవరం వారు వర్కింగ్ జర్నలిస్టు కింద వస్తారో రారో తేల్చడానికి మళ్లీ ఒక వకీలు కావాలి.